కాజీరంగాలో సమస్య వరదా, మెరకకు దారి లేకపోవడమా?

క్లుప్తంగా: అస్సాంలోని కాజీరంగా జాతీయ పార్కు బ్రహ్మపుత్ర వరద మైదానంలో ఉంది. ఏటా దాన్ని ముంచే నీరే అక్కడి గడ్డిని, మడుగుల్ని, వాటి మీద బతికే ఖడ్గమృగాల్ని నిలబెడుతోంది. జంతువుల చావులకు నీటిని మాత్రమే తప్పుపడితే విషయం అర్థం కాదు. నీరు వచ్చినప్పుడు అవి దక్షిణాన కొండలెక్కే దారుల్లో హైవే, ఊళ్లు, తేయాకు తోటలు, క్వారీలు అడ్డుపడటం అంతకన్నా పెద్ద చిక్కు. హైవేని స్తంభాల మీదకు ఎత్తే ప్రాజెక్టుకు 2025లో ఆమోదం వచ్చింది. అది దారిలో ఒక అడ్డంకిని తీస్తుంది, అన్నింటినీ కాదు.

లెక్కను ఎలా చదవాలి

జులై వచ్చిందంటే వార్తల్లో ఒక ఫొటో తప్పనిసరిగా కనిపిస్తుంది: మెడ దాకా నీళ్లలో ఖడ్గమృగం, లేదా హైవే పక్కన గుంపుగా నిలబడ్డ జింకలు. దాని కింద ఒక అంకె ఉంటుంది. 2024 వరదల్లో 200కు పైగా జంతువులు చనిపోయాయి. 2017లో 350కి పైగా పోయాయి, అందులో 31 ఖడ్గమృగాలు. 1998లో ఆ సంఖ్య 600 దాటింది. 1988లో ఏకంగా వెయ్యి దాటింది.

ఇది చదివిన వాళ్లకు సహజంగా వచ్చే ప్రశ్నలు రెండు. ఏటా మునిగే చోట పార్కు ఎందుకు పెట్టారు? చుట్టూ కరకట్ట కట్టేస్తే పోలేదా?

వీటికి జవాబు వెతికే ముందు ఇంకో వరుస అంకెల్ని కూడా చూడాలి. 1966లో ఇక్కడ తొలిసారి పద్ధతిగా లెక్క పెట్టినప్పుడు 366 ఖడ్గమృగాలు తేలాయి. 2018లో 2,413, 2022లో 2,613. మధ్యలో 1988, 1998, 2017 వరదలన్నీ వచ్చి వెళ్లాయి. ప్రపంచం మొత్తమ్మీద ఉన్న ఒంటికొమ్ము భారతీయ ఖడ్గమృగాలు సుమారు నాలుగు వేలు. వాటిలో మూడింట రెండు వంతులు ఈ ఒక్క పార్కులోనే ఉన్నాయి. ఏటా మునిగే నేల మీద ఒక జాతి ఇంతగా పుంజుకుందంటే, ఆ మునకను ఒట్టి విపత్తుగా చూడటంలో ఏదో పొరపాటు ఉందన్నమాట.

అలాగని నిశ్చింతగా ఉండటానికీ లేదు. 2015 లెక్కలో 2,401 ఖడ్గమృగాలు ఉండగా, మూడేళ్ల తర్వాత పెరిగింది పన్నెండు మాత్రమే. ఆ మధ్య రెండు పెద్ద వరదలు వచ్చాయి. ఎదుగుదల మందగించడానికి వరదలే కారణమని తేల్చెయ్యలేం. వేట ఉంది, వయసు మీరి చనిపోయేవి ఉన్నాయి, ఎత్తైన గడ్డిలో లెక్కపెట్టడంలో ఉండే తేడాలు ఉన్నాయి. పెద్ద వరదలు వెంట వెంటనే వస్తే కోలుకునే వ్యవధి తగ్గుతుందనే అనుమానానికి మాత్రం ఆ అంకె చోటిస్తోంది.

చనిపోయిన జంతువుల మొత్తం సంఖ్య చూసేటప్పుడు గుర్తుంచుకోవాల్సింది మరొకటి ఉంది. అందులో సింహభాగం హాగ్ డీర్ అనే పొట్టి కాళ్ల జింకలదే. ఖడ్గమృగం, అడవి గేదె, ఏనుగు బాగా ఈదగలవు. వాటిలో ఎక్కువగా నష్టపోయేది పిల్లలు, ముసలివి. ప్రవాహంలో తల్లి నుంచి విడిపోయిన ఖడ్గమృగం పిల్ల తనంతట తాను బతకడం కష్టం. ఇలాంటి వాటి కోసమే 2002లో పార్కు పక్కన వన్యప్రాణి పునరావాస కేంద్రం ఏర్పాటైంది. అక్కడ సీసా పాలతో పెరిగిన కొన్ని ఖడ్గమృగాలు పెద్దయ్యాక అస్సాంలోనే ఉన్న మానస్ పార్కుకు వెళ్లాయి.

పల్లం, మెరక: ఈ నేల తీరు

కాజీరంగాకు ఉత్తరాన బ్రహ్మపుత్ర, దక్షిణాన కర్బీ ఆంగ్లాంగ్ కొండలు. మధ్యలో ఉన్నది నది తెచ్చి పరిచిన ఒండ్రు మట్టి. 1905లో ఇక్కడ రిజర్వు అడవిని ప్రతిపాదించారు, 1908లో అది అమల్లోకి వచ్చింది. 1950లో అభయారణ్యం, 1974లో జాతీయ పార్కు అయింది. 1985లో యునెస్కో ప్రపంచ వారసత్వ జాబితాలో చేరింది. 1974లో ప్రకటించిన పార్కు సుమారు 430 చదరపు కిలోమీటర్లు. తర్వాత విడతలు విడతలుగా కలిపిన భూముల్లో పెద్దది ఆరో చేర్పు. అది నదీ గర్భాన్ని, అందులోని ఇసుక మేటల్ని, లంకల్ని కలుపుకుని 376 చదరపు కిలోమీటర్లు. ఈ లంకల్నే అక్కడ చాపరిలు అంటారు.

పార్కులో మూడు రకాల చోట్లు కలగలిసి ఉంటాయి. ఏనుగును కూడా దాచేసే ఎత్తైన గడ్డి, అందులో మన ఏటి ఒడ్డుల్లో కనిపించే రెల్లు కూడా. నది పాత దారులు తెగిపోయి మిగిలిన మడుగులు, వీటిని బీల్ అంటారు. అక్కడక్కడా బూరుగ చెట్లు, సతతహరిత అడవి ముక్కలు. పార్కులో పారే డిఫ్లూ నది బ్రహ్మపుత్రలోనే కలుస్తుంది.

ఈ అమరిక వల్ల ఇక్కడి వరద రెండు వైపుల నుంచి వస్తుంది. బ్రహ్మపుత్ర పొంగినప్పుడు కొంత నీరు ఒడ్డు దాటి నేరుగా పడుతుంది. అదే సమయంలో డిఫ్లూ వంటి చిన్న నదుల నీరు పెద్ద నదిలోకి పోలేక ఎగదన్నుతుంది. కొండల మీద కురిసిన వాన కూడా ఇటే దిగుతుంది. ఇలా పల్లాలు, బీళ్లు ముందు నిండి, నీరు క్రమంగా మెట్ట వైపు పాకుతుంది. పెద్ద వరదలో పార్కులో ఎనభై శాతానికి పైగా మునుగుతుంది. ఒక సీజన్‌లో ఇలాంటి పోట్లు రెండు మూడు రావడం మామూలే.

నీరు వచ్చి ఏం చేస్తుంది

మొదటిది మట్టి. వరద తీశాక మిగిలే ఒండ్రు పొరతో గడ్డి కొత్త బలంతో లేస్తుంది. గోదావరి లంకల్లో కూరగాయలు, పొగాకు వేసే రైతులకు దీన్ని ప్రత్యేకంగా వివరించక్కర్లేదు.

రెండోది శుభ్రత. బీళ్లలో గుర్రపుడెక్క అల్లుకుంటే నీటి పక్షులకు చోటుండదు, చేపలకు గాలి అందదు. వరద ప్రవాహం దాన్ని చాలావరకు నదిలోకి ఊడ్చేస్తుంది. అదే నీటితో నది చేపలు బీళ్లలోకి వచ్చి గుడ్లు పెడతాయి. పెలికాన్లు, కొంగలు ఆ చేపల మీదే బతుకుతాయి.

మూడోది పైకి కనిపించదు గానీ అన్నిటికన్నా ముఖ్యం. గడ్డి మైదానాన్ని వదిలేస్తే అది గడ్డి మైదానంగా ఉండదు. మొక్కలు మొలుస్తాయి, పొదలవుతాయి, కొన్ని దశాబ్దాల్లో చెట్లు కమ్ముతాయి. అప్పుడు ఖడ్గమృగానికి, చిత్తడి జింకకు, అడవి గేదెకు మేత తగ్గుతుంది. కాజీరంగాలో ఈ మార్పును ఆపుతున్నవి రెండు: ఏటా వచ్చే వరద, శీతాకాలం చివర్లో అటవీ శాఖ గడ్డికి అదుపుగా పెట్టే మంట. వరద నిలవడం వల్ల లేత చెట్ల మొక్కలు కుళ్లిపోతాయి, నది కోత వల్ల పాత అడవి పోయి కొత్త మేటల మీద మళ్లీ గడ్డి మొదలవుతుంది. వరద సరిగా రాని ఏడాది అటవీ అధికారులకు టెన్షన్ మొదలవడానికి కారణం ఇదే. నీళ్లు రాకపోతే వార్తల్లో ఫొటోలు ఉండవు కాబట్టి ఆ టెన్షన్ బయటివాళ్లకు తెలియదు.

వరద మంచే చేస్తుందనుకోవడమూ అమాయకత్వమే. అదే నీరు కలుపు విత్తనాల్నీ మోసుకొస్తుంది. తేయాకు తోటల్లో నేలకు నత్రజని పట్టిస్తుందని తెచ్చిన మైమోసా తీగ ఇలాగే పార్కులోకి చేరి గడ్డి మీద పాకింది. దాన్ని చేత్తో పీకించడం అటవీ శాఖకు ఏటేటా తప్పని పని అయింది.

వరద ఆగిన చోట్ల ఏమైంది

కరకట్ట కట్టి నీటిని ఆపేస్తే ఎలా ఉంటుందో ఊహించాల్సిన పని లేదు. దేశంలోనే ఉదాహరణలు ఉన్నాయి.

రాజస్థాన్‌లోని కేవలాదేవ్ పార్కును, అంటే భరత్‌పూర్ పక్షుల కేంద్రాన్ని, కాజీరంగాతో పాటు అదే 1985లో యునెస్కో జాబితాలో చేర్చారు. అది గంభీర్, బాణగంగ నదుల వరద నీటిని గట్లతో మళ్లించి నింపిన చిత్తడి నేల. ఎగువన గంభీర్ మీద పాంచనా ఆనకట్ట కట్టాక, రైతుల అవసరాలకు, పార్కు అవసరాలకు మధ్య నీటి పంచాయితీ మొదలైంది. 2004 తర్వాత కొన్నేళ్ల పాటు పార్కు బీటలు వారింది, పక్షులు గూళ్లు కట్టడం మానేశాయి. చివరికి దూరం నుంచి కాల్వల ద్వారా, పైపుల ద్వారా నీళ్లు తేవాల్సి వచ్చింది. ప్రకృతి ఉచితంగా ఇచ్చేదాన్ని బడ్జెట్ పెట్టి కొనడమన్నమాట. పైగా నదితో పాటు వచ్చే చేప పిల్లలు, ఒండ్రు పైపులో రావు.

మణిపూర్‌లోని కైబుల్ లామ్‌జావో పార్కులో జరిగింది దీనికి తలకిందులు. లోక్‌తక్ సరస్సు మీద తేలే గడ్డి తెప్పలే ఆ పార్కు. వాటిని ఫుమ్డీలు అంటారు. సంగాయ్ జింకకు సహజంగా మిగిలిన ఒకే ఒక నివాసం అదే. పూర్వం వానాకాలంలో తెప్పలు తేలేవి, వేసవిలో నీరు తగ్గి అడుగుకు ఆనేవి. అప్పుడు మొక్కల వేళ్లు సరస్సు అడుగు మట్టి నుంచి పోషకాలు తీసుకునేవి. 1983లో జలవిద్యుత్ కోసం ఇథాయ్ బరాజ్ మొదలయ్యాక నీటిమట్టం ఏడాది పొడవునా ఎత్తుగానే ఉంటోంది. తెప్పలు అడుగుకు ఆనే కాలం పోయింది, అవి పలచబడుతున్నాయి. పలచబడ్డ తెప్ప జింక బరువు మోయలేదు. ఇక్కడ నీటికి కొరత లేదు. కొరతంతా నీటి హెచ్చుతగ్గులకే.

మన కొల్లేరు అడవి కాదు గానీ పని చేసే సూత్రం ఇదే. బుడమేరు, తమ్మిలేరు వంటి వాగుల వరదను పట్టి ఉంచి ఉప్పుటేరు ద్వారా మెల్లగా సముద్రంలోకి వదలడం దాని పని. 1999లో ఐదో కాంటూరు (సముద్రమట్టానికి ఐదు అడుగుల ఎత్తు గీత) వరకు 308 చదరపు కిలోమీటర్లను అభయారణ్యంగా ప్రకటించారు. చేపల చెరువుల గట్లు సరస్సును గదులు గదులుగా కోసేశాక నీరు పరుచుకునే చోటు తగ్గింది. 2006లో గట్లు కొట్టేశారు. చాలాచోట్ల అవి మళ్లీ లేచాయి. గట్టు వేసిన వాడి చెరువు బాగానే ఉంటుంది, మునిగేది పక్క ఊరు.

ఈ మూడింటి పక్కన పెట్టి చూస్తే, వరద ఇప్పటికీ తన ఇష్టానికి వచ్చి పోగలగడం కాజీరంగాకు మిగిలిన పెద్ద ఆస్తి.

అయితే జంతువులు చనిపోయేది ఎక్కడ

నీరు పెరిగేకొద్దీ జంతువులు దక్షిణానికి నడుస్తాయి. కర్బీ కొండలు దగ్గర్లోనే ఉన్నాయి. తరతరాలుగా అవి నడిచే దారులు కొన్ని ఉన్నాయి: పాన్‌బారి, హల్దీబారి, కాంచన్‌జురి, అమ్గురి వంటివి. నీరు తీశాక అదే దారిలో వెనక్కి వస్తాయి. వరద మైదానంలో బతకడమంటే ఈ రాకపోకలు కూడా కలిపే.

ఆ దారులకు అడ్డంగా, పార్కుకూ కొండలకూ మధ్యన, జాతీయ రహదారి పోతుంది. పాత నంబరు 37, ఇప్పుడు 715. గువాహటి నుంచి ఎగువ అస్సాం వెళ్లే ప్రధాన మార్గం ఇదే కాబట్టి రాత్రీ పగలూ లారీలు ఆగవు. వరదప్పుడు వేగాన్ని గంటకు 40 కిలోమీటర్లకు కుదిస్తారు. ఒక చివర వాహనానికి టైమ్ కార్డు ఇచ్చి, రెండో చివర చూస్తారు. మరీ ముందుగా చేరితే జరిమానా. ఇది పనిచేస్తుంది గానీ పూర్తిగా కాదు. వరద పోటులో వందల జంతువులు చీకట్లో రోడ్డు దాటుతున్నప్పుడు, డ్రైవర్లందరి ఓపిక మీద ఆధారపడాల్సి వస్తుంది.

రోడ్డు దాటినా సమస్య తీరదు. అటువైపు ఊళ్లు, ధాబాలు, రిసార్టులు, తేయాకు తోటల కందకాలు, కంచెలు ఉన్నాయి. 2019 జులైలో ఒక ఆడపులి కొండలకు పోయే దారిలో హైవే పక్క ఇంట్లో దూరి, మంచం మీద పగలంతా పడుకుని, చీకటి పడ్డాక అడవిలోకి వెళ్లిపోయింది. ఆ ఫొటో ప్రపంచమంతా తిరిగింది. ముచ్చటగా చూసిన వాళ్లే ఎక్కువ. అలసిపోయిన పులికి దారిలో ఆగడానికి ఇల్లు తప్ప మరో చోటు దొరకలేదన్న సంగతి మీద చర్చ తక్కువ జరిగింది.

కొండల మీద కూడా అడవి నిలకడగా లేదు. రాళ్ల క్వారీల వల్ల చెట్లు పోవడమే కాదు, అక్కడ పుట్టే వాగుల్లో మట్టి పెరిగి పార్కు బీళ్లలో పూడిక పడుతుంది. 2019 ఏప్రిల్‌లో సుప్రీంకోర్టు పార్కు పక్కన, కర్బీ కొండల నుంచి కాజీరంగాలోకి దిగే వాగుల పరీవాహక ప్రాంతంలో తవ్వకాల్ని నిషేధించింది. పల్లంలోని పార్కును కాపాడాలంటే కొండను కూడా కాపాడాలనే ఆలోచన ఉన్నందుకు ఆ ఆదేశం ముఖ్యమైంది.

ఈ దారుల విషయంలో మనుషుల పక్షం కూడా ఉంది. 2016 సెప్టెంబరులో హైకోర్టు ఉత్తర్వు మేరకు పార్కు అంచున ఇళ్లు ఖాళీ చేయించినప్పుడు పోలీసు కాల్పుల్లో ఇద్దరు చనిపోయారు. నది కోతకు పొలం పోగొట్టుకుని, కాస్త మెరక వెతుక్కుని వచ్చిన కుటుంబాలు అస్సాంలో లెక్కలేనన్ని. వరదలో జంతువు వెతికే మెరకనే మనిషీ వెతుకుతాడు. రిసార్టుకు అనుమతి దొరికే చోట గుడిసెకు నోటీసు వస్తే స్థానికులు సంరక్షణను నమ్మకపోవడంలో ఆశ్చర్యం లేదు.

దిబ్బలు, స్తంభాల మీద రోడ్డు

పార్కు లోపలే జంతువులకు ఆశ్రయం ఇవ్వాలని 1990ల్లో వందకు పైగా మట్టి దిబ్బలు వేశారు. వాటిలో చాలా చిన్నవి, కొన్ని కాలక్రమంలో కరిగిపోయాయి. 2017 ప్రాంతంలో మరో 33 పెద్ద దిబ్బలు చేర్చారు. పెద్ద వరదలో ఇవి చాలా ప్రాణాలు కాపాడతాయి, కాదనలేం. వీటికీ పరిమితి ఉంది. గడ్డి ఉన్న కొద్దిపాటి చోట ఖడ్గమృగాలు, గేదెలు, జింకలు రోజుల తరబడి ఇరుక్కుంటే మేత అయిపోతుంది, చుట్టూ నీరు కాబట్టి కదల్లేవు. మైదానమంతా దిబ్బలు వేసుకుంటూ పోతే నీటి సహజ ప్రవాహం చెడుతుంది, ఆ మట్టి తవ్విన చోట గుంటలు పడతాయి. కొండలకు దారి మూసుకుపోతున్న కొద్దీ దిబ్బల డిమాండ్ పెరగడం గమనించాల్సిన విషయం.

వేట నిరోధక శిబిరాలది ఇంకో సమస్య. పార్కులో రెండు వందలకు పైగా ఉన్న శిబిరాల్లో సగానికి పైగా 2024 జులైలో నీట మునిగాయి. కాపలా సిబ్బంది పడవల్లోకి మారిన సమయంలోనే ఖడ్గమృగాలు పార్కు దాటి బయటికి వస్తాయి. కొమ్ము కోసం కాచుకునే వాళ్లకు అది అనువైన కాలం. 2022లో అస్సాంలో ఒక్క ఖడ్గమృగం కూడా వేటకు బలి కాలేదని రాష్ట్ర ప్రభుత్వం ప్రకటించింది. కొన్నేళ్ల కిందటి పరిస్థితితో పోలిస్తే అది పెద్ద మార్పు. కాకపోతే ఆ నిఘాను పడవ మీద నుంచి కూడా సాగించాలి.

ఇప్పుడు అందరి చూపూ రోడ్డు మీద ఉంది. 2025 అక్టోబరులో కేంద్ర మంత్రివర్గం కలియాబర్–నుమాలీగఢ్ మధ్య సుమారు 86 కిలోమీటర్ల రహదారిని నాలుగు వరుసలుగా విస్తరించే ప్రాజెక్టును ఆమోదించింది. ఖర్చు అంచనా 6,957 కోట్ల రూపాయలు. అందులో దాదాపు 34.5 కిలోమీటర్లు స్తంభాల మీద వెళ్తుంది, జంతువులు కింద నుంచి నడుస్తాయి. పొడవు దృష్ట్యా ఇది అసాధారణమైన ప్రయత్నం. ఒక్కో కారిడార్ దగ్గర ఒక్కో చిన్న వంతెన కట్టే పద్ధతి కన్నా ఇది మెరుగు. ఎందుకంటే ముంచుకొచ్చే వరదలో జంతువులు మ్యాపు మీద గీసిన దారిలోనే వెళ్లాలని ఏమీ లేదు. కానీ కట్టే కాలంలో యంత్రాలు, మట్టి, వెలుతురు, జనం అంతా ఆ దారుల మీదే ఉంటాయి. ఆ సంవత్సరాల్లో వచ్చే వరదలకు ప్రత్యేక ఏర్పాటు లేకపోతే ముందు నష్టం, తర్వాత లాభం అవుతుంది.

నది కూడా మారుతోంది

వరద మంచిదే అన్న మాట పాత వరదకు వర్తిస్తుంది. రాబోయేది అలాగే ఉంటుందన్న హామీ లేదు. 1950 ఆగస్టు 15న వచ్చిన 8.6 తీవ్రత గల భూకంపంతో కొండచరియలు విరిగి బ్రహ్మపుత్రలోకి విపరీతంగా మట్టి చేరింది. దిబ్రూగఢ్ దగ్గర నది అడుగు మూడు మీటర్ల దాకా లేచిందని అంచనా. ఆ తర్వాత నది వెడల్పు పెరిగింది, కోత పెరిగింది. కాజీరంగా కూడా ఉత్తరపు అంచున చాలా నేల పోగొట్టుకుంది. అస్సాంలో నాలుగు వేల కిలోమీటర్లకు పైగా ఉన్న కరకట్టలు నీటిని పక్కలకు పరుచుకోనివ్వవు. గండి పడితే ఆ నీరంతా ఒక్కసారిగా వస్తుంది. నెమ్మదిగా పెరిగే వరదకు జంతువు స్పందించగలదు. రాత్రికి రాత్రి పెరిగే వరద అంత సమయం ఇవ్వదు.

ఎగువన కడుతున్న ఆనకట్టల ప్రభావం రెండు రకాలుగా ఉండొచ్చు. సుబన్‌సిరి వంటి ఉపనదుల మీది జలవిద్యుత్ ప్రాజెక్టులు, టిబెట్‌లో యార్లుంగ్ సాంగ్‌పో మీద చైనా 2025లో మొదలుపెట్టిన భారీ ప్రాజెక్టు, ఇవన్నీ ఒండ్రును కొంతవరకు పట్టేస్తాయి. ఒండ్రు తగ్గిన నది దిగువన ఒడ్డుల్ని ఎక్కువ కోస్తుంది. గేట్లు ఎత్తే వేళలు బట్టి నీటిమట్టం హఠాత్తుగా మారవచ్చు. బ్రహ్మపుత్ర నీటిలో ఎక్కువ భాగం భారత భూభాగంలో కురిసే వాన నుంచే వస్తుంది కాబట్టి వరద పూర్తిగా ఆగిపోతుందన్న భయం అతి. దాని సమయం, వేగం, మట్టి శాతం మారతాయన్నది మాత్రం నమ్మదగ్గ అంచనా. నీటిమట్టం సమాచారం ఎగువ కేంద్రాల నుంచి అటవీ శాఖకు ఎంత ముందుగా అందుతుందన్నది అప్పుడు ఇంకా కీలకమవుతుంది.

అన్ని ఖడ్గమృగాల్నీ ఒకే మైదానంలో ఉంచడమూ ప్రమాదమే. అందుకే కొన్నింటిని మానస్‌కు తరలించారు. అక్కడ సంతతి పెరుగుతోంది. ఇది కాజీరంగాకు బీమా లాంటిదే తప్ప దానికి బదులు కాదు.

మిగిలిన పనిలో కష్టమైన భాగం దక్షిణాన ఉంది. రోడ్డు కింద నుంచి జంతువు దాటాక అడుగుపెట్టే నేలలో ఎక్కువ భాగం పార్కు హద్దుల్లో లేదు. కొంత రెవెన్యూ భూమి, కొంత తోటలది, కొండల మీది అడవి కర్బీ ఆంగ్లాంగ్ స్వయంప్రతిపత్తి మండలి పరిధిలోది. ఆ దారుల్లో కొత్త కట్టడాలకు అనుమతి ఎవరు ఇస్తారు, ఇప్పటికే ఉన్న కుటుంబాలకు భూమి బదులు ఏమిస్తారు, తోటల కందకాల్ని ఎవరు పూడుస్తారు అన్నవి ఇంజినీర్లు తేల్చే విషయాలు కావు. స్తంభాల పని పూర్తయ్యేలోగా వాటికి జవాబులు దొరక్కపోతే, జంతువులు రోడ్డు కింద నుంచి సురక్షితంగా దాటి, అవతల కంచె దగ్గర ఆగిపోతాయి.